గంజి పెట్టిన ఫిలిం

మే 9

ఫారం వచ్చింది. ఆరు పేజీలు. ఐదింటిలో పేరూ ఊరూ చదువూ. ఆరో పేజీలో పైన ఒక్క ప్రశ్న, కింద అంతా ఖాళీ. "మీ సృజన పద్ధతిని మూడు వందల మాటల్లో వివరించండి."

జూన్ 28 లోపు పంపాలి. ఎంపికైతే రాజధాని అసున్సియోన్‌లో ఒక ఏడాది పాటు గది ఇస్తారు. ఫిలిం కడుక్కోవడానికి చీకటి గది, ఎడిటింగ్ బల్ల కూడా. బడి పిల్లలకి పుచ్చకాయ ముక్క బొమ్మ ఎలా వేయాలో చెప్పే ఉద్యోగానికి ఏడాది సెలవు పెట్టేసి సినిమా తీసుకోవచ్చు. ఇప్పటిదాకా తీసినవి మూడు. మూడూ కలిపితే పదకొండు నిమిషాలు. ఫిలిం మీద సూదితో గీకి సిరా పూస్తాను కాబట్టి మా అమ్మ వాటిని సినిమాలు అనదు, "నీ గీతలు" అంటుంది.

నాలుగోది డబ్బాలో ఉంది. ఇంకా కడగలేదు. దాని గురించి రాస్తే పద్ధతేమిటో దానంతటదే తేలుతుంది.

మే 10

"నేను జ్ఞాపకానికీ పదార్థానికీ మధ్యనున్న ఖాళీలో పని చేస్తాను."

ఎవరు మాట్లాడుతున్నారిక్కడ? ఈవిడెవరో నాకు తెలియదు. కొట్టేశాను.

మే 12

ఫారానికి కాకుండా నాకోసం రాసుకుంటే దారి దొరుకుతుందేమో చూద్దాం.

ఈస్టర్ ముందు వారం. ఇటౌగువాలో దెయోలిందా పెద్దమ్మ ఇంటి వాకిలి. ఆ ఊళ్ళో న్యాందుతి లేసు అల్లే ప్రతి ఇంట్లోనూ జామపువ్వు చక్రం వస్తుంది, చెదపుట్ట వస్తుంది, మల్లెపువ్వు వస్తుంది. పెద్దమ్మకి వచ్చే ఒక చక్రం మాత్రం ఇంకెవరికీ రాదు. మా అమ్మమ్మ ఆవిడకొక్కదానికే నేర్పింది. అల్లిక పూర్తయ్యాక ఎంత చూసినా దారం ఎక్కడ మొదలైందో దొరకదు. పక్కింటి పబ్లా ముప్పై ఏళ్ళుగా గోడ మీంచి చూస్తోంది, దొరకలేదు. మా అమ్మకి చిన్నప్పుడు కూర్చునే ఓపిక లేకపోయింది. పెద్దమ్మకి పిల్లల్లేరు. ఇప్పుడు కుడి కంట్లో పొర, చేతుల్లో వణుకు.

ఎన్నేళ్ళుగానో అడుగుతుంటే ఏప్రిల్‌లో ఒప్పుకుంది. "ఒక్కసారే అల్లుతాను. నీ పెట్టెలో పెట్టుకో. మళ్ళీ అల్లమంటే అల్లను" అంది.

నా దగ్గర ఉన్నది ఒక్క రీలు, నిండా మూడు నిమిషాలు రాదు. ఆవిడ పెట్టె అనేది తాళం తిప్పి నడిపే నా పాత కెమెరాని. రెండు గంటలు ఆవిడ మోకాళ్ళ దగ్గర కూర్చుని, దారం దిశ మారిన ప్రతిసారీ కొన్ని క్షణాలు తీశాను. కాబట్టి అమ్మమ్మ చేతి వరస ఇవాళ రెండే చోట్ల ఉంది. పెద్దమ్మ వేళ్ళలో, నా డబ్బాలో. అయినా అంతా నాకు గుర్తుంది.

మా గది పెనంలా కాలుతుందని డబ్బాని పెద్దమ్మ బీరువాలోనే ఉంచి వచ్చాను. శనివారం తెచ్చుకోవాలి. ఊరంతా కరాయి, అంటే అయ్యగారు, అని పిలిచే పాత ఫోటోగ్రాఫర్ విల్ఫ్రిదో కడిగే మందులు కలిపి పెడతానన్నాడు.

మే 15

రెండో ప్రయత్నం. "నా సినిమాల్లో ఎవరూ మాట్లాడరు. ముఖం కంటే ముందు చేతులు చూపిస్తాను. రెండో రీలు వాడను."

ఇది నిజమే. కానీ ఇది పద్ధతా, పేదరికమా?

మే 18

బాగుంది అన్నాను.

మే 18, బస్సులో

రాసేయాలి. రాయకపోతే రేపటికి ఇంకోలా గుర్తుంచుకుంటాను.

వాకిలి తలుపు తోయగానే మామిడి చెట్టు నుంచి గోడ దాకా చట్రాలు ఎండలో వరసగా ఆనించి ఉన్నాయి. అన్నిటికంటే పెద్ద చట్రం మీద, ఈ మేకు నుంచి ఆ మేకుకి, ఏదో నాడా పక్కపక్కనే బిగించి ఉంది. వంకాయ రంగు నాడా. ఎవరి పండగ బట్టలకో అనుకున్నాను. దగ్గరికి వెళ్తే అంచున వరసగా చిల్లులు కనిపించాయి.

పెద్దమ్మ చేతులు తుడుచుకుంటూ వచ్చింది. ముఖం వెలిగిపోతోంది. "కడిగితే గానీ కనిపించదన్నావుగా. నా చేతుల్ని తీసుకెళ్ళి ఆ ముసలాయన తొట్టిలో ముంచడమెందుకని నేనే కడిగేశాను. మూడు నీళ్ళు పోశాను. సబ్బు పెట్టలేదు, భయమేసింది. గంజి మటుకు పలచగా పెట్టాను. లేకపోతే చుట్టుకుపోతోంది, మొండి నాడా."

అన్నాను. ఈస్టర్ రోజు, సినిమా ఎప్పుడు కనిపిస్తుందని అడిగితే "ఇంకా కడగాలి పెద్దమ్మా" అన్నాను. ఎవరైనా అదే అంటారు. న్యాందుతి కూడా అల్లడంతో అయిపోదు. కడుగుతారు, కర్రపెండలం గంజి పెడతారు, చట్రం మీదే ఎండలో ఆరేస్తారు. ఆరాక కింది గుడ్డని కత్తిరించి పారేస్తే దారం ఒక్కటే మిగులుతుంది. ఆవిడకి తెలిసిన కడగడం ఆవిడ కడిగింది. చీకటి సంగతి నేను చెప్పలేదు.

ఆ నాడా మీద తడి అల్లికలు పరిచి ఉన్నాయి, ఏప్రిల్ చక్రంతో సహా. ఒకే ఎండలో రెండు పనులూ అవుతాయని పెట్టిందట. ఒకటి ఎత్తి చూశాను. కింద ఫిలిం మీద దాని నీడ పడి, పూలూ పుల్లల్లాంటి దారాలూ తెల్లగా మిగిలాయి. ఒక్క క్షణం, ఎంత బాగుందో అనిపించింది. ఆ క్షణానికి ఇప్పుడు సిగ్గుగా ఉంది.

పెద్దమ్మ ఒక వరస ఎత్తి మంచి కంటికి దగ్గరగా పెట్టుకుంది. "నా చేతులు కనిపించట్లేదేం? ఆరలేదా ఇంకా?"

బాగుంది పెద్దమ్మా అన్నాను. మిషన్‌లో పెడితేనే కనిపిస్తుంది అని కూడా అన్నాను.

చుట్ట చుట్టి డబ్బాలో పెట్టి ఇచ్చింది. చిపా రొట్టెలు కట్టి ఇచ్చింది. బస్సులో అందరూ నా ఒళ్ళో చిపాల వాసనకి ఇటే చూస్తున్నారు.

వచ్చే శనివారం చెప్తాను.

మే 20

కరాయి విల్ఫ్రిదో ఒకప్పుడు ఇటౌగువా ఊరందరికీ గుర్తింపు కార్డు ఫోటోలు తీసినవాడు. ఇప్పుడు సాన్ లొరెన్సోలో కూతురింట్లో, పెరటి గదిలో తొట్లూ సీసాలూ పెట్టుకుని ఉంటాడు. ఫిలిం మీద చెయ్యి వేసి, ముక్కు దగ్గర పెట్టుకుని, "ఎంబెయు వాసనొస్తోంది" అన్నాడు. ఎంబెయు రొట్టెకైనా గంజికైనా ఒకటే కర్రపెండలం పిండి మరి.

జరిగింది చెప్పాను. నవ్వుతాడనుకున్నాను, నవ్వలేదు. నువ్వు తీసిన బొమ్మ ఇక రాదు, మందులో వేస్తే మొత్తం నల్లబడుతుంది అన్నాడు. నిలిపే మందు ఒక్కటే పెడితే మాత్రం ఎండ గీసిందేదో కాస్త వెలిసినా నిలుస్తుందట. పెట్టాడు. వంకాయ రంగు పోయి కాల్చిన చక్కెర రంగు వచ్చింది. ముప్పై మీటర్లు, చక్రాల ముక్కలూ అంచులూ.

"దెయోలిందాకి తెలుసా?"

"లేదు. చెప్తాను."

ఆయన తొట్టి కడుగుతూ వెనక్కి తిరగకుండానే అన్నాడు. "నేనూ ఒకసారి ఆవిడతో అబద్ధమాడాను. పెద్దదేం కాదు. అందుకే మొగుడు-రాంగేగా మిగిలాను."

ఆ లెక్కన నాకు పెదనాన్న-రాంగే. ఏ అబద్ధమని అడగాలనిపించింది. ఆయన వీపు చూసి అడగలేదు.

మే 21

రాంగే గురించే ఆలోచిస్తున్నాను. గువారనీలో మాటకి తోకలుంటాయి. పోయినదానికి ఒక తోక, రాబోయేదానికి ఒక తోక. రెండూ ముడేస్తే రాంగే: అవ్వాల్సి ఉండి అవ్వకుండా పోయినది. ఊళ్ళో అందరి నోటా ఉండేదే. ఇల్లు-రాంగే, కోడలు-రాంగే, కురవకుండా పోయిన వాన-రాంగే. ఫారం స్పానిష్‌లో నింపాలి. స్పానిష్‌లో దీనికి మాట లేదు, ఒక వాక్యం ఖర్చవుతుంది.

సినిమా-రాంగే.

మే 25

చెప్పలేదు. పబ్లా వచ్చి కూర్చుంది.

జూన్ 1

చెప్పలేదు. ఆవిడ నడుం నొప్పి అంటోంది, పాపం.

జూన్ 2

నడుం నొప్పికీ దీనికీ సంబంధం లేదని నాకు తెలుసు.

పెద్దమ్మ సాన్ హువాన్ పండక్కి ఇంటి ముందు దుప్పటి కట్టి సినిమా వేయాలని నిర్ణయించేసింది. వీధంతటినీ పిలిచింది. నలభై మందట. కొత్త జాకెట్టు కుట్టించుకుంటోంది. సినిమాలో ఉన్నది చేతులే కదా, ఎదురుగా కూర్చునేదానికి కొత్త జాకెట్టెందుకు అని పబ్లా అడిగిందట. "చేతుల పైన నేను ఉంటానుగా" అని చెప్పిందట పెద్దమ్మ. ఇదంతా ఫోన్‌లో నవ్వుతూ చెప్పింది. చూపుడు వేలి మీది పుట్టుమచ్చ పడిందా అని అడిగింది.

పడింది అన్నాను.

జూన్ 5

ఒక ఆలోచన. ఇది మోసం కాదు. ప్రయోగం.

కరాయి దగ్గర పాత రీలు ముక్క ఉంది, ఒక నిమిషానికి సరిపోతుంది. నా చేతులు పెద్దమ్మ చేతుల్లానే ఉంటాయని అమ్మ ఎప్పుడూ అంటుంది. పెద్దమ్మ పాత ఏప్రన్ నా దగ్గరే ఉంది. కాస్త మసగ్గా, దగ్గర్నుంచి తీస్తే పొర ఉన్న కంటికి ఏం తెలుస్తుంది? వరస అంతా నాకు గుర్తుంది. ఆ వరసనే మళ్ళీ అల్లి తీస్తాను. నిజానికి చక్రాన్ని కాపాడటమే ఇది.

పుట్టుమచ్చ సిరాతో పెట్టుకోవచ్చు.

జూన్ 8

ఇటౌగువా వెళ్ళాను. చెప్పలేదు. చట్రం ఒకటి అడిగి తెచ్చుకున్నాను. ఎందుకని అడగలేదు, సంతోషపడింది.

జూన్ 9, ఆదివారం

పొద్దున్నే గుడ్డ బిగించాను. కప్పు బోర్లించి చుట్టూ గీత గీశాను. అంచు నుంచి అంచుకి పుల్లల్లాగా దారాలు వేశాను. ఇక్కడి దాకా ఊళ్ళో ఏ పిల్లకైనా వచ్చు. కెమెరాని బల్ల మీద నిలబెట్టి, సూది ఎత్తాను.

మొదటి దారం ఎక్కడ?

గుర్తుందనుకున్నాను. కళ్ళు మూసుకుని ఏప్రిల్‌ని పిలిచాను. వచ్చింది, చాలా వచ్చింది. రెండో వేలి కణుపు మీద వెలుతురు. చట్రం మీద ఈగ వాలితే పెద్దమ్మ గడ్డంతో దాన్ని తోలడం. సరిగ్గా పదకొండున్నరకి మామిడి ఆకు నీడ ఎడమ మణికట్టు మీదికి రావడం, నేను కదలొద్దు పెద్దమ్మా అనడం, ఆవిడ కదలకుండా ఎలా అల్లమంటావే అనడం. అన్నీ ఉన్నాయి. సూది మాత్రం ఎటు పోయిందో లేదు.

రెండు గంటలు ఒక జానెడు దూరంలో కూర్చున్నాను. నేను చూడలేదు. తీశాను. పెట్టె చూస్తోంది కదా అని నేను చూడటం మానేశాను.

మధ్యాహ్నం దాకా ఎనిమిది రకాలుగా వేసి ఎనిమిదీ విప్పాను. పబ్లాకీ నాకూ తేడా ఏమిటంటే ఆవిడ గోడ అవతల ఉంది.

జూన్ 10

ఒక ప్రశ్న పట్టుకుంది, వదలట్లేదు. కెమెరా లేకపోతే నాకు ఏం కనిపించేది? బడిలో పిల్లలు బొమ్మ వేస్తుంటే ఇవాళ ఒక్కొక్కరి చేతినీ చూస్తూ నిలబడ్డాను. లుసీలా అనే పాప పుచ్చకాయని గింజలతో మొదలుపెడుతుంది. ముందు గింజలన్నీ చల్లి, తర్వాత వాటి చుట్టూ పండు కడుతుంది. ఏడాదిగా ఆ పాపకి నేను పాఠం చెప్తున్నాను. ఇవాళే చూశాను.

మూడో ప్రయత్నం ఫారంలో: "ముందు గింజలు." కొట్టేశాను. కానీ కొట్టేసే ముందు కాసేపు చూశాను.

జూన్ 15

చెప్పలేదు.

జూన్ 18

కరాయి అంటాడు, ఎండ గీసిన ఫిలింనే వేసి ఇదీ నా కళ అనేయమని. అసున్సియోన్‌లో చప్పట్లు కొడతారు అన్నాడు. కొడతారు, అదే భయం. బల్ల మీద చూస్తే నిజంగానే బాగుంది. నేను ఇప్పటిదాకా గీకినవాటి కంటే బాగుంది. నేనేమీ చేయలేదు కూడా. దాన్ని నాది అనుకోవాలనీ ఉంది, అనుకుంటే పెద్దమ్మ చేతుల మీద నడిచి వెళ్ళినట్టూ ఉంది.

జూన్ 22

అయిదో శనివారం. పెద్దమ్మ జాకెట్టు వేసుకుని చూపించింది. ముదురు ఎరుపు, మెడ చుట్టూ చిన్న న్యాందుతి అంచు. ఆ అంచు ఆ కంటితో ఎలా అల్లిందో.

బాగుంది అన్నాను. ఈసారి నిజమే. కానీ నా నోట్లో ఆ మాట అరిగిపోయి ఉంది.

తిరుగు బస్సు ఎక్కలేదు, రాత్రికి ఇక్కడే పడుకుంటున్నాను.

జూన్ 23

చెప్పాను.

పొద్దున ఎంబెయు కోసం పెద్దమ్మ పిండి జల్లిస్తోంది. నేను మాతే పోసి ఇచ్చాను. తాగి తిరిగి ఇచ్చాక, ఫిలింలో నీ చేతులు లేవు పెద్దమ్మా అన్నాను. వెలుతురు తగిలితే పోతుందని, కడగడమంటే చీకట్లో మందుతో కడగడమని, నేను చెప్పి ఉండాల్సిందని, అంతా ఒకే ఊపిరిలో చెప్పేశాను. జల్లెడ ఆగలేదు.

"ఎప్పట్నుంచి తెలుసు నీకు?"

"ఆ రోజే."

"ఆ రోజు తర్వాత ఎన్ని శనివారాలొచ్చావు?"

"అయిదు."

జల్లెడ పక్కన పెట్టింది. చేతులకి మోచేతుల దాకా తెల్లగా పిండి. అరుస్తుందనుకున్నాను. చిన్న గొంతుతోనే మాట్లాడింది, అందుకే ఇంకా కష్టంగా ఉంది.

"నాడా పాడైతే అది నా తెలివితక్కువ. పోనీ, అర్థం చేసుకుంటాను. అయిదు శనివారాలు నా ఎదురుగా కూర్చుని నా మాతే తాగి, బాగుంది బాగుంది అని నన్ను వీధిలో పిచ్చిదాన్ని చేశావు చూడు, అది నీ పని. ఆ ముసలాయనా ఇదే మాటన్నాడు. పెళ్ళికి ముందు నా ఫోటో తీశాడు. చెడిపోయింది. చెడిపోయిందంటే ఇంకోసారి కూర్చునేదాన్ని కదా? బాగుంది, నా దగ్గర దాచుకున్నాను అన్నాడు. ఏడాది తిప్పాడు. ఇంకోసారి కూర్చునేదాన్నే పిల్లా."

నేను ఏడ్చాను. ఆవిడ ఏడవలేదు. నేను ఏడుస్తుండగానే పిండి జల్లించడం పూర్తి చేసింది, ఉప్పేసింది, జున్ను నలిపింది. తిను అని పళ్ళెం తోసింది. తిన్నాను.

తర్వాత, ఆ ముసలాయన మిషన్ తెస్తానన్నాడా అని అడిగింది. తెస్తానన్నాడని చెప్పాను. "పిలిచినవాళ్ళని రావద్దనలేను. ఉన్నదేదో అది వెయ్యి" అంది.

చెల్లెలికి, అంటే మా అమ్మకి, ఫోన్ చేసి మాట్లాడుతోంది లోపల. నా పేరు వినిపించలేదు.

జూన్ 24, సాన్ హువాన్

చలికాలం కదా, ఆరున్నరకే చీకటి పడింది. నలభై మందీ వచ్చారు, కుర్చీలు ఎవరివి వాళ్ళే తెచ్చుకున్నారు. వీధి చివర కుర్రాళ్ళు నిప్పుబంతి తంతున్నారు, ఆ కేకలు వినిపిస్తున్నాయి. కరాయి విల్ఫ్రిదో మిషన్ పట్టుకుని గేటు దగ్గరే ఆగిపోయాడు. ముప్పై ఎనిమిదేళ్ళయిందట ఆ గేటు దాటి. టోపీ తీశాడు. పెద్దమ్మ ఎర్ర జాకెట్టులో ఆయన్ని పైనుంచి కిందికి చూసి, "అది గోడ పక్కన పెట్టండి, దారిలో అడ్డం" అంది. ఆయనకి అదే చాలినట్టుంది.

వేశాం. రెండు నిమిషాల నలభై సెకన్లు. దుప్పటి మీద కాల్చిన చక్కెర రంగు, అందులో తెల్లటి పుల్లలు పరుగెత్తుతున్నాయి. ఒక చక్రం అంచు వస్తుంది, పోతుంది, మళ్ళీ ఇంకో వైపు నుంచి వస్తుంది. గంజి గడ్డకట్టిన చోట వానచినుకుల్లా చుక్కలు. చేతులు లేవు, ముఖం లేదు. అయిపోయాక మిషన్ ఒట్టిగా తిరుగుతున్న చప్పుడు.

పబ్లా అడిగింది. ఎవరో ఒకరు అడగాలి కదా. "ఏమమ్మా దెయోలిందా, ఇందులో నువ్వెక్కడున్నావు?"

నేను లేచాను. తప్పు నాదని చెప్పడానికి నోరు తెరిచాను. పెద్దమ్మ నా మోచెయ్యి పట్టి కూర్చోబెట్టింది.

"కడిగింది నేనే" అంది పబ్లాతో. "దీనికి చీకట్లో కడగాలని తెలీక, ఎండలో కడిగి గంజి పెట్టాను. ఇదంతా నా పనే."

నవ్వు మొదలైంది. ముందు పబ్లాయే నవ్వింది, పెద్దమ్మ కూడా నవ్వింది. వెనక నుంచి ఎవరో ఇస్త్రీ కూడా చేయలేకపోయావా అన్నారు. మళ్ళీ వెయ్యమన్నారు. కరాయి మూడుసార్లు వేశాడు.

మూడోసారి పెద్దమ్మ లేచి దుప్పటి దగ్గరికి వెళ్ళింది. ఆవిడ నీడ పెద్దగా పడింది. ఒక చక్రం వస్తుంటే వేలు చాచి, "ఇది మా అమ్మది" అంది, ఎవరితో అన్నదో తెలియదు. వేలు పెట్టేలోపు అది వెళ్ళిపోయింది. ఆ వేలి నీడ, పుట్టుమచ్చ ఉన్న వేలు, అల్లిక మీద ఒక్కసారి కదిలింది.

నేను అది తీయలేదు. చూశాను.

పబ్లా కళ్ళజోడు పెట్టుకుని ముందు వరసలోకి మారింది. మొదటి దారం వెతుకుతోంది.

జూన్ 26

పెద్దమ్మ ఫోన్. "శనివారం రా. ఒట్టి చేతులతో రా" అంది. పెట్టేసింది.

కోపమా? ఒట్టి చేతులతో అంటే చిపా తేవద్దనా? ఇంకా కోపంగానే ఉంది అనుకుంటాను. ఉండనీ, ఉండాలి కూడా.

జూన్ 28

ఫారం పంపేశాను. ఆరో పేజీలో ఇలా రాశాను, గుర్తు కోసం ఇక్కడ దించుకుంటున్నాను:

"ఏప్రిల్‌లో మా పెద్దమ్మ చేతులని రెండు గంటలు తీశాను, కానీ చూడలేదు. తీసింది పోయింది. మిగిలినది ఎండ గీసింది, మా పెద్దమ్మ గంజి పెట్టింది. దాన్ని ఈ ఫారంతో పంపుతున్నాను, వాళ్ళిద్దరి పేర్ల మీద. ఇప్పుడు నేను చూడటం నేర్చుకుంటున్నాను. నేర్చుకోవడం అయ్యాక సినిమా ఉంటుందో లేదో తెలియదు. మీ చీకటి గది కావాలి. గది ఇచ్చినా శనివారాలు ఇటౌగువాలో ఉంటాను."

మూడు వందల మాటలు అడిగారు. ఇది అందులో నాలుగో వంతు కూడా ఉండదు. మిగతా పేజీ ఖాళీగానే పంపాను.

జూన్ 29

గేటు దగ్గరే సంచీ తడిమి చూసింది. పెట్టె లేదని రూఢి చేసుకున్నాక లోపలికి రానిచ్చింది.

మామిడి చెట్టు కింద రెండు కుర్చీలు, ఒక చట్రం. గుడ్డ ముందే బిగించి ఉంది. నన్ను తన కుర్చీలో కూర్చోబెట్టి తను ఎడమ వైపు కూర్చుంది. నాకు సరిగ్గా కనపడదు, నువ్వు చెయ్యి, నేను పట్టుకుని చూస్తాను అంది. పుల్లలు వేశాను. వేళ్ళతో ఒక్కొక్కటీ మీటి చూసి రెండు విప్పించింది. "వదులు. మీ అమ్మ కూడా ఇంతే. ఊళ్ళోంచి పారిపోయే తొందర."

అమ్మమ్మ నేర్పినప్పుడు ఆవిడకి పదకొండేళ్ళట. తప్పు చేస్తే అమ్మమ్మ సూది వెనక వైపుతో కణుపు మీద కొట్టేదట. ఇవాళ నాకు నాలుగు పడ్డాయి. ఒకటి అయిదు శనివారాల లెక్కలోనిది అనుకుంటాను, ఎందుకంటే అప్పుడు నేను తప్పేమీ చేయలేదు.

"ఇప్పుడు మొదటి దారం" అంది. తన చెయ్యి నా చేతి మీద వేసింది. వణుకు నా చేతిలోకి వచ్చింది. సూది గుడ్డలో దిగగానే వణుకు ఆగిపోయింది, ఎలా ఆగిందో తెలియదు, ఇంకో శనివారం గమనించాలి. గోడ అవతల పబ్లా కోళ్ళకి గింజలు వేస్తోంది. కోళ్ళకి ఇంతసేపు గింజలు వేస్తారా? పెద్దమ్మ కుర్చీ జరిపి గోడకి వీపు అడ్డం పెట్టింది.

మూడుసార్లు విప్పాం. నాలుగోసారి విప్పలేదు.

మొదటి దారం ఎక్కడ పడుతుందో నాకు తెలిసింది. ఏప్రిల్‌లో అది నా ముక్కు ముందే జరిగింది. చాలా చిన్న సంగతి. ఇక్కడ మాత్రం రాయను. ఈ పుస్తకం ఎప్పుడైనా పబ్లా చేతిలో పడొచ్చు.